మధ్య సీటు లేని విమానం

వాకాడు ఊరివాళ్ళు విమానమెక్కాలంటే దక్షిణాన చెన్నైకో, నైరుతిన రేణిగుంటకో పోవాలి. ఆ రెండు చోట్లా కొన్నాళ్ళు ఒక తెలుగు కంపెనీ విమానం దిగింది. పేరు ఎయిర్ కోస్తా. లింగమనేని వారి ఎల్‌ఈపీఎల్ గ్రూపు విజయవాడ కేంద్రంగా 2013 అక్టోబరులో మొదలుపెట్టింది. 2017 ఫిబ్రవరి ఆఖరుకి ఆపేసింది. దాని నష్టాల గురించి చాలామంది మాట్లాడారు. పనితనం గురించి మాట్లాడింది తక్కువ.

ఆ పనితనమంతా విమానం ఎంపికలో ఉంది. చౌక టికెట్ల పెద్ద కంపెనీలు 180 సీట్ల విమానాలు నడుపుతున్న రోజులవి. విజయవాడ లాంటి ఊరి నుంచి రోజూ అన్ని సీట్లు నిండవు. పంకాలతో ఎగిరే చిన్న ఏటీఆర్ విమానం నిండుతుంది గాని, దూరాభారానికి దాని వేగం చాలదు. కోస్తా వాళ్ళు బ్రెజిల్ కంపెనీ ఎంబ్రాయర్ చేసిన ఈ-170 తెచ్చారు. జెట్టే, కాని 67 సీట్లే. నడవాకి అటు రెండు, ఇటు రెండు. ఇద్దరి మధ్య ఇరుక్కునే సీటంటూ లేదు. చౌక టికెట్‌కి అంత మర్యాద నాకింకెక్కడా కనబడలేదు.

అసలు కిటుకు పన్నులో ఉంది. గరిష్ఠ బరువు 40,000 కిలోల లోపున్న విమానాలకు అప్పట్లో ఇంధనం మీద అమ్మకపు పన్ను చాలా తక్కువ. పెద్ద విమానాలకు తమిళనాడు, కర్ణాటకల్లో 25 శాతం పైమాటే ఉండేది. సీట్లు 80కి తక్కువైతే ల్యాండింగ్ ఛార్జీ కూడా ఉండేది కాదు. ఈ-170 ఈ రెండు గీతల లోపలా కొలిచి కుట్టిన చొక్కాలా సరిపోయింది. అంతకుముందు 2005లో పారమౌంట్ ఎయిర్‌వేస్ ఇదే రకం విమానాలతో డబ్బున్న ప్రయాణికుల కోసం వచ్చింది. కోస్తా దాన్ని మామూలు జనానికి అందించింది.

ఆ కొలత తప్పింది 112 సీట్ల ఈ-190 దగ్గర. అది 40,000 కిలోల గీత దాటింది, పన్ను రాయితీ పోయింది. ఆపైన 2014 ఫిబ్రవరిలో, సింగపూర్ విమాన ప్రదర్శనలో, గుప్పెడు విమానాలున్న కంపెనీ మరో 50 కొత్త ఎంబ్రాయర్లకు ఆర్డరిచ్చింది. జాబితా ధర 294 కోట్ల డాలర్లు. అందులో ఒక్కటీ రాలేదు. 67 సీట్ల దగ్గర చూపిన నిగ్రహం ఇక్కడా చూపాల్సింది.

చిన్న ఊళ్ళ విమానాలకు కేంద్రం సొమ్ము సాయం చేసే ఉడాన్ పథకం కింద తొలి విమానాలు 2017 ఏప్రిల్ 27న ఎగిరాయి. ఆ రోజు ఎగిరినవాటిలో ట్రూజెట్ వారి కడప–హైదరాబాద్ సర్వీసు ఒకటి. కోస్తా ఆగి అప్పటికి రెండు నెలలు.