చెవులు లేని దొరలు

టార్జాన్ పేరు వినని ఇల్లు మనలో ఉండదు. ఆ టార్జాన్‌ను సృష్టించిన ఎడ్గార్ రైస్ బరోస్ (1875–1950) భూమి లోపలి లోకం గురించి కూడా ఒక నవలల వరుస వ్రాశాడు. అందులో మొదటిది ‘ఎట్ ది ఎర్త్స్ కోర్’. 1914లో ‘ఆల్-స్టోరీ వీక్లీ’ అనే చౌకరకం పత్రికలో సీరియల్‌గా వచ్చి, 1922లో పుస్తకమయింది. కాలక్షేపం కోసం వ్రాసిన ఈ కథలో ఒక గొప్ప ఊహ ఉంది. దాన్ని రచయితే సగంలో వదిలేశాడన్నది నా అభియోగం.

డేవిడ్ ఇన్నెస్ అనే యువకుడూ, పెర్రీ అనే ముసలి శాస్త్రజ్ఞుడూ భూమిని తొలిచే యంత్రంలో బయలుదేరతారు. యంత్రం దారి మళ్ళించటానికి వీలుకాక, 500 మైళ్ళు కిందికి దూసుకుపోయి పెల్యుసిడార్ అనే లోకంలో తేలుతుంది. బరోస్ ఊహలో భూమి లోపల డొల్ల. నడుమ ఎన్నడూ అస్తమించని సూర్యుడు. భూకంప తరంగాలను బట్టి భూమికి గర్భకేంద్రం ఉందని ఓల్డ్‌హామ్ 1906లోనే చూపించాడు కనుక, ఇది అప్పటికే పుక్కిటి పురాణం. అయినా రాత్రి లేని చోట కాలానికి కొలత ఏమిటన్న ప్రశ్న మనల్ని పట్టుకుంటుంది. మహా అయితే ఏడాది గడిచిందనుకున్న డేవిడ్‌కు, పైకి వచ్చాక పదేళ్ళు గడిచాయని తెలుస్తుంది.

ఆ లోకాన్ని ఏలేవి మహార్లు అనే రెక్కల సరీసృపాలు. వాటికి చెవులు లేవు. శబ్దం లేకుండానే తలపులు పంచుకుంటాయి. మనుషులు మాట్లాడుకోవటం వాటికి వినపడదు. కనుక మనుషులకు భాష లేదనీ, తెలివి లేని పశువులనీ తీర్మానించుకున్నాయి. బానిసలుగా వాడుకుంటాయి, కోసి పరీక్షిస్తాయి, తింటాయి కూడా. అవి మూర్ఖమైనవి కావు. వాటికి గ్రంథాలున్నాయి, శాస్త్రం ఉంది. తమకు వినపడనిది లేనే లేదనుకోవటమే వాటి లోపం. నవల మొత్తానికి ప్రాణం ఇదే.

ఇంకొక ఘట్టం పరాయి దేశంలో కాపురముంటున్న మనకు మరీ దగ్గరగా తోస్తుంది. డయాన్ అనే యువతిని వేధించిన వాణ్ణి డేవిడ్ కొట్టి పడేస్తాడు. ఆ పైన ఆమె చెయ్యి పట్టుకుంటే పెళ్ళాడినట్టు. చెయ్యి పైకెత్తి వదిలితే విడుదల చేసినట్టు. రెండూ చెయ్యకపోతే బానిసగా ఎంచినట్టు. అది అక్కడి ఆచారం. డేవిడ్‌కు తెలియదు, ఊరుకుంటాడు. ఆమె మొహం తిప్పుకుంటుంది. కాపాడినవాడే అవమానించినవాడయ్యాడు! మంచి మనసొక్కటే చాలదు, ఎదుటివారి మర్యాద తెలియాలన్న మాటను బరోస్ ఉపన్యాసం లేకుండా చెప్పాడు.

ఇంత చెప్పినవాడు చివరికి చేసిందేమిటి? మహార్లన్నీ ఆడవే, మగవి లేకుండా సంతతిని పెంచుకునే రహస్యం ఒకే గ్రంథంలో ఉంది. దాన్ని దొంగిలిస్తే ఆ జాతే అంతరించిపోతుంది. డేవిడ్ సరిగ్గా ఆ పనే చేస్తాడు. తెగలను కూడగట్టి, కత్తులూ విల్లంబులూ నేర్పి, తాను చక్రవర్తి అవుతాడు. బానిసలకు విముక్తి కావాలి, సందేహం లేదు. కాని వారిలోనే ఒక నాయకుడు ఎందుకు పుట్టకూడదు? పైనుంచి ఊడిపడ్డవాడికే కిరీటం ఎందుకు? ఆ తెగలవాళ్ళ మాట డేవిడ్‌కు వినపడుతుంది గాని, వాళ్ళు తమను తాము ఏలుకోగలరన్న సంగతి తట్టదు. మహార్లకున్న చెవుడే హీరోకూ ఉంది. రచయిత దాన్ని గమనించలేదు. తెల్లదొరల సామ్రాజ్యాలు దేదీప్యమానంగా వెలుగుతున్న 1914లో ఆ ముగింపు పాఠకులకు సహజంగానే తోచి ఉంటుంది.

అందుకని పుస్తకాన్ని అవతల పారెయ్యమనను. కథనం చురుకైనది, ఎక్కడా విసుగు పుట్టదు. పన్నెండేళ్ళ పిల్లల చేతికి నిశ్చింతగా ఇవ్వవచ్చు. చదివాక మాత్రం ఒక ప్రశ్న అడగండి: డేవిడ్ చక్రవర్తి కావటం న్యాయమేనా? మన వంటిల్లూ, మన పేర్లూ, మన యాస తోటివారికి వింతగా తోచేచోట పెరుగుతున్న పిల్లలు ఈ ప్రశ్నకు మనకంటే మంచి జవాబే చెప్పగలరు.