కాగితపు పూల వెల

చలనచిత్రకళను గూర్చి ప్రసంగము వచ్చినపుడెల్ల, గురుదత్ తీసిన ‘కాగజ్ కే ఫూల్’లో చీకటి స్టూడియోను చీల్చుకొని దిగివచ్చు ఆ కాంతిరేఖను తలపని రసికుడుండడు. మైసూరువాడైన ఛాయాగ్రాహకుడు వి. కె. మూర్తి, బయటి యెండను ఒక పెద్ద అద్దమున పట్టి, దానిని మరియొక అద్దముపైకి మరలించి, లోపలికి రప్పించి సాధించిన అద్భుతమది. సినిమాస్కోప్‌లో మన దేశమున తయారైన ఆ తొలిచిత్రము 1959లో విడుదలయి, వ్యాపారమున ఘోరముగా దెబ్బతినెను. అటుపిమ్మట గురుదత్ నిర్మాతగా, నటుడుగా కొనసాగెనే గాని, దర్శకుడుగా తన పేరు మరి తెరపై వేసికొనలేదు. 1964 అక్టోబరులో, నలుబది యేండ్లైనను నిండకుండ కన్నుమూసెను.

ఈ కథను మనము చెప్పుకొను తీరు నాకు రుచింపదు. తీసినదానిని త్రోసివైచి మరల తీయుట, టేకు మీద టేకు కోరుట, ఎంతకును తృప్తి యెరుగకుండుట – వీనినన్నిటిని తపస్సని కీర్తించి, ఆ తపస్సు సెగ తగిలిన యింటివారిని మరచుచున్నాము. 1953లో ఆయనను పెండ్లాడునాటికే గీతాదత్ పేరుమోసిన గాయని. ఆమెను నాయికగా నిలిపి ‘గౌరి’ యను చిత్రము నారంభించి, నడుమనే విడిచిపెట్టినవాడు ఆ భర్తయే.

‘కాగజ్ కే ఫూల్’లోని కథానాయకుడును దర్శకుడే; ఆలుబిడ్డలకు దూరమై, తుదకు స్టూడియోలోని తన కుర్చీలోనే ప్రాణము విడుచును. ఆ కాంతిరేఖ నడుమ వహీదా రెహమాన్ (మన ‘రోజులు మారాయి’లో నాట్యమాడిన వహీదాయే) మౌనముగా నిలిచియుండగా వినవచ్చు విషాదగీతమును పాడినది గీతయే. మూడేండ్లకు ‘సాహిబ్ బీబీ ఔర్ గులామ్’లో, గడప దాటిపోవు భర్తను బ్రతిమాలుకొను ఇల్లాలి పాటకును ఆమెయే గొంతు నిచ్చినది. నేపథ్యగాయనికి అది వృత్తిధర్మమే కావచ్చును. ఆమె మనసున నేమున్నదో ఊహించి వ్రాయు అధికారము నాకు లేదు. అయినను, ఆ దృశ్యమును గూర్చి అద్దముల అమరికను, దర్శకుని అంతర్వేదనను పుటలు పుటలుగా వివరించు విమర్శకులు, పాడిన యామెకు ఒక వాక్యమైనను కేటాయింపకపోవుట అన్యాయమనియే నా తలంపు.

గీత 1972లో, నలుబదియొక్క యేండ్లకే మరణించినది. అంతకు ముందటి యేడు వచ్చిన ‘అనుభవ్’లోని ఆమె పాటలు వినుడు. ఆ గొంతు అప్పటికింకను చెడలేదు, పాడించుకొనువారే తగ్గిరి.