రాయి గుర్తుంచుకుంటుందా?

విశాఖలో నేను పాఠం చెప్పే బడికి స్టీల్‌ప్లాంట్ నిర్వాసిత కాలనీల పిల్లలు వస్తారు. ఒకరోజు "మా తాతల ఊరు" గురించి నాలుగు వాక్యాలు రాయమన్నాను. ఒక పిల్లవాడు ఒక్కటే రాశాడు: "మా ఊరు ప్లాంటు లోపల ఉంది." ఉండేది అనలేదు, ఉంది అన్నాడు. దిద్దుదామని ఎర్ర పెన్ను తీసి, మళ్లీ జేబులో పెట్టుకున్నాను.

మనుషులు వెళ్లిపోయినా చోటు వాళ్లను దాచుకుంటుందన్న నమ్మకం మీద చాలా కథలొచ్చాయి. పాడుబడ్డ మేడలో గజ్జెల చప్పుడు మన సినిమాల్లో ఎన్నిసార్లు వినలేదు! ఈ ఊహకు ఇంగ్లిషువాళ్లు పెట్టుకున్న పేరు ఒక టీవీ నాటకం నుంచి వచ్చింది. అది 1972 డిసెంబర్ 25న బీబీసీలో వచ్చిన 'ది స్టోన్ టేప్'. రాసినవాడు నైజెల్ నీల్. పాత భవంతిలో ఒక రాతిగది. 1890లో అక్కడ చనిపోయిన పనిమనిషి కేక ఇప్పటికీ వినబడుతుంటుంది. అది దయ్యం కాదు, టేపు మీద పాటలాగా రాయి మీద పడిన ముద్ర అంటారు అక్కడికొచ్చిన ఎలక్ట్రానిక్స్ కంపెనీ పరిశోధకులు.

నాటకం గట్టిదే. భయపెట్టడానికి అరుపుల మీద ఆధారపడదు. కానీ నేను చూసింది మరోటి. ఆ పరిశోధకులకు పనిమనిషి అక్కర్లేదు, రాయి కావాలి. జపాన్ కంపెనీలను మించిపోయే కొత్త రికార్డింగ్ పదార్థం దొరికిందని వాళ్ల సంబరం. ఆమె ఎందుకు చనిపోయిందన్నది వాళ్లకు వ్యాపారం కాదు. యంత్రాలతో గదిని హింసించి, చివరికి ఆ కేకను కూడా చెరిపేస్తారు. దాని కింద ఇంకా పాతదేదో ఉందని కనిపెట్టిన అమ్మాయి జిల్. ఆమె మాట ఎవరూ వినరు. ఆమె ప్రాణం పోయాక రాసిపెట్టుకున్న కాగితాలను కూడా నాశనం చేయిస్తారు.

కొండమీద పుట్టినవాళ్లకు ఇది చూస్తే భయం కాదు, గుర్తు వస్తుంది. మన దగ్గరికి వచ్చేవాళ్లకూ మనం అక్కర్లేదు, రాయి కావాలి. బస్తర్‌లోని బైలదిల్లా ఇనుపరాయి కిరండూల్ లైను మీద అరకు, బొర్రా మీదుగా విశాఖ రేవుకు దిగుతుంది. రాత్రి గూడ్సుబండి చప్పుడు వింటే, ఏ కొండ ముక్క ఇవాళ ఓడెక్కుతుందో అనుకుంటాను.

రాయి నిజంగా రాసుకోదా అంటే, రాసుకుంటుంది. బొర్రా గుహల్లో పైనుంచి జారే నీటిచుక్క తనతో తెచ్చిన సున్నాన్ని పొర మీద పొరగా పేరుస్తుంది. అలాంటి పొరల్లో వేల ఏళ్ల కిందటి వానలను శాస్త్రవేత్తలు చదువుతున్నారు. అయితే రాయి వానను రాసుకుంటుంది గానీ, మన అవ్వ పాటను రాసుకోదు. అదే బొర్రా ప్రాంతపు ఊళ్లలో కాల్సైట్ తవ్వకాలకు ప్రైవేటు కంపెనీలకు లీజులిచ్చారు. ఆ కొండ తన జ్ఞాపకాన్ని తానే కాపాడుకోలేదు. మనుషులు నిలబడ్డారు, సమత సంస్థ కోర్టుకెళ్లింది. షెడ్యూల్డ్ ప్రాంతాల్లో ప్రభుత్వ భూమిని కూడా గనులకోసం ఆదివాసేతరులకు లీజుకివ్వకూడదని 1997 జూలై 11న సుప్రీంకోర్టు చెప్పింది.

అందుకే ఈ రకం కథలతో నా పేచీ. చోటే అన్నీ గుర్తుంచుకుంటుందంటే మనసుకు హాయిగా ఉంటుంది. ఆ హాయి ఊరు ఖాళీ చేయించినవాడికి ఇంకా బాగా పనికొస్తుంది. ఊరు పోయినా జ్ఞాపకం ఎక్కడికీ పోదులే అంటే, ఇక ఎవరూ ఎవరికీ బాకీ లేరు.

ఈ సంగతి మన 'మూగ మనసులు' బాగా తెలిసిన సినిమా. 1964లో ఆదుర్తి సుబ్బారావు తీశారు. గోదావరి మీద పడవలో పోతున్న కొత్తజంటకు సుడిగుండం దగ్గర గతజన్మ కదులుతుంది. అక్కడితో ఆపితే అదీ స్టోన్ టేపే. కానీ ఆ చోటును కనిపెట్టుకుని ముసలి గౌరి మిగిలి ఉంది. కథ చెప్పింది ఆమె. గౌరి లేకపోతే సుడిగుండం వట్టి సుడిగుండమే. ఆ సినిమాలో పునర్జన్మను నేను నమ్మను, గౌరిని నమ్ముతాను.

మా ఊళ్లో పండుగకు దేవుడి రాయిని కడిగి పసుపు పెడతాం. రాయి మాట్లాడుతుందని కాదు. దాని ముందు పెద్దలను పేరుపేరునా తలుచుకుంటాం. ఏ ఏడు ఆ మనుషులు రారో, ఆ ఏటినుంచి అది రాయే.

విశాఖ ఉక్కు కోసం 1966 ఉద్యమంలో ప్రాణాలిచ్చిన 32 మందిని నగరం తలుచుకుంటుంది. తలుచుకోవాలి కూడా. ఊళ్లు ఇచ్చినవాళ్లను మాత్రం 'ఆర్ కార్డువాళ్లు' అంటుంది. వాళ్లంతా ఆదివాసులు కారు. అయినా ఊరు పోవడం ఏమిటో మనకూ వాళ్లకూ ఒకరు చెప్పక్కర్లేదు.

మర్నాడు ఆ పిల్లవాడి వాక్యం దిద్దలేదు. దాని కింద రాశాను: "ఊళ్లో బావి ఎక్కడుండేది? ఏ చెట్టు కింద కూర్చునేవారు? మీ నాయనమ్మను అడిగి రాయి." ఇంకో నాలుగు పేజీలు తెచ్చాడు. ఒక పేజీ నాయనమ్మే దగ్గర కూర్చుని చెప్పిందట.

రాసేవాళ్లం మనం చేయాల్సిన పని అది. రాయి వింటుందని కూర్చోకూడదు.