తెగిన దేహం, అతికిన దేహం: పట్టిసాచల గాథ, సారంగధర కథ, గ్రీకు ఫీడ్రా పురాణం - తులనాత్మక పరిశీలన

వ్యాససంగ్రహం

గోదావరి తీరాన పట్టిసీమ క్షేత్రగాథ దక్షుని శిరచ్ఛేదానికి సంబంధించినది. దిగువన రాజమహేంద్రవరంలో ప్రచారంలో ఉన్న సారంగధర కథ రాకుమారుని కాలుసేతుల ఖండనకు సంబంధించినది. సారంగధర కథకు గ్రీకు ఫీడ్రా-హిప్పోలిటస్ పురాణంతో ఉన్న పోలిక సుపరిచితం. ఈ మూడు గాథలలోనూ స్త్రీ ప్రేమ గానీ స్త్రీ మాట గానీ ఒక పురుషుని దేహఖండనకు దారితీస్తుంది. ఆ పురుషదేహం తిరిగి అతుకుతుంది. స్త్రీకి ఆ భాగ్యం దక్కదు. ఈ భేదం కావ్య, నాటక, శిల్పరూపాలలో ఎలా వ్యక్తమైందో పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం.

కీలకపదాలు: పట్టిసం, వీరభద్రుడు, సతి, సారంగధర, చిత్రాంగి, ఫీడ్రా, యూరిపిడీస్, శక్తిపీఠం.

1. ఉపోద్ఘాతం

సవతి తల్లి కుమారుని కామించడం, అతడు నిరాకరించడం, ఆమె నింద మోపడం, తండ్రి విచారణ లేకుండా శిక్షించడం అనే కథాక్రమం అనేక సంస్కృతులలో ఉంది. అశోకుని కుమారుడు కుణాలుడు, తిష్యరక్షితల బౌద్ధగాథ భారతదేశంలో దీనికి ప్రసిద్ధ ఉదాహరణ. యజమాని భార్య నిందకు గురైన యోసేపు కథ ఇదే కుటుంబానికి చెందుతుంది. కనుక సారంగధర కథ గ్రీకు కథనుండి వచ్చిందా అనే ప్రశ్నకు ఇక్కడ తావులేదు. సమానమైన ఇతివృత్తాన్ని రెండు సమాజాలు ఏ విధంగా పరిష్కరించుకున్నాయి, ఆ పరిష్కారంలో స్త్రీ స్థానమేమిటి అన్నవే విచార్యాంశాలు. ఈ విచారణకు పట్టిసీమ గాథను చేర్చడానికి కారణముంది. అక్కడ సవతి తల్లి లేదు, నింద లేదు. కానీ స్త్రీ ప్రేమ, తండ్రి అధికారం, ఖండనం, పునరుద్ధరణ అనే నాలుగు అంశాలూ ఉన్నాయి. నింద అనే అంశాన్ని తొలగించినా పునరుద్ధరణ పక్షపాతం మారదని ఆ గాథ చూపుతుంది.

2. పట్టిసం: ఆయుధం పేరు నిలిచిన క్షేత్రం

పూర్వపు పశ్చిమ గోదావరి జిల్లాలో, నది నడుమ దేవకూటాద్రిపై భద్రకాళీ సమేత వీరేశ్వరస్వామి వెలసిన క్షేత్రం పట్టిసం. మహాశివరాత్రికి భక్తులు పడవలలో నది దాటి ఈ కొండకు చేరుకుంటారు. దక్షయజ్ఞ ధ్వంసంలో వీరభద్రుడు పట్టిసమనే ఆయుధంతో దక్షుని తల నరికి, ఆ ఆయుధాన్ని ఇక్కడి గోదావరిలో కడిగాడని స్థలపురాణం. క్షేత్రనామం ఆ ఆయుధంనుండే వచ్చిందని జనవిశ్వాసం.

ఈ గాథకు మూలకారణం సతి. తండ్రి మెచ్చని వరుని ఆమె ప్రేమించింది. పిలవని పుట్టింటికి వెళ్లింది. భర్తకు జరిగిన అవమానాన్ని సభలోనే ప్రశ్నించి, దక్షుని వలన కలిగిన దేహాన్ని నిలుపుకోలేనని యోగాగ్నిలో దగ్ధమైంది. పోతన భాగవతం చతుర్థ స్కంధం ద్వారా తెలుగు పాఠకులకు ఈ ఘట్టం చిరపరిచితం. తండ్రి ఇచ్చిన దేహాన్ని తండ్రికే విడిచిపెట్టడం ఆమె నిరసన రూపం. అయితే ఆ నిరసన తరువాత కథ ఆమె చేతిలో ఉండదు. శివుని ఆగ్రహం, వీరభద్రుని జననం, దక్షుని శిరచ్ఛేదం, దేవతల ప్రార్థన అనే క్రమంలో కథ సాగి, దక్షునికి మేకతల అమర్చడంతో యజ్ఞం పూర్తవుతుంది. దోషి బ్రతికాడు, క్రతువు నెరవేరింది. ప్రశ్నించిన కుమార్తె మాత్రం ఆ సభకు తిరిగి రాలేదు. క్షేత్రనామంలోనూ ఆమె లేదు, ఆమె కోసం ఎత్తిన ఆయుధముంది.

3. రాజమహేంద్రవరం, ట్రోజెన్: ఒకే ఇతివృత్తం, రెండు కారణాలు

పట్టిసంనుండి నదివెంట దిగువకు వస్తే రాజమహేంద్రవరం. ఇక్కడ సారంగధర మెట్ట పేరిట ఒక గుట్ట నేటికీ ఉంది. రాజరాజనరేంద్రుని చిన్న రాణి చిత్రాంగి, పెద్ద రాణి రత్నాంగి కుమారుడైన సారంగధరుని మోహించింది. పావురం వెంట ఆమె మందిరానికి వెళ్లిన రాకుమారుడు ఆమె కోరికను తల్లివంటిదానవని తిరస్కరించాడు. ఆమె నింద మోపింది. రాజు కాలుసేతులు నరికించాడు. ఇది చరిత్ర కాదు. నన్నయకు ఆశ్రయమిచ్చిన రాజరాజుకు రాజేంద్రచోళుని కుమార్తె అమ్మంగదేవి భార్య. వారి కుమారుడే 1070లో చోళ సింహాసనమెక్కిన మొదటి కులోత్తుంగుడు. ఆ రాజకుటుంబ చరిత్రలో చిత్రాంగికి, సారంగధరునికి ఆధారం లేదు. చరిత్ర లేనిచోట కథ ఎందుకు పాతుకున్నదనే ప్రశ్న సాహిత్య విమర్శకు సంబంధించినది.

యూరిపిడీస్ 'హిప్పోలిటస్' నాటకం క్రీ.పూ. 428లో ఏథెన్సులో ప్రదర్శితమై ప్రథమ బహుమతి పొందింది. కథాస్థలం ట్రోజెన్ నగరం. ప్రేమదేవత ఆఫ్రొడైటిని లెక్కచేయక, వేటదేవత ఆర్టెమిస్‌నే కొలిచే హిప్పోలిటస్‌ను శిక్షించడానికి, అతని సవతి తల్లి ఫీడ్రా మనసులో ఆఫ్రొడైటియే మోహం పుట్టిస్తుంది. ఫీడ్రా సత్కీర్తి గలదైనా ఆమె నాశనం తప్పదని నాటకారంభంలోనే దేవత ప్రకటిస్తుంది. ఫీడ్రా ఆ మోహాన్ని దాచుకొని కృశిస్తుంది. దాది దానిని రాకుమారునికి చేరవేస్తుంది. పరువు పోతుందన్న భయంతో ఫీడ్రా ఉరివేసుకొని, అతనిపై నింద మోపే పలకను వదిలిపోతుంది. థీసియస్ కుమారుని ప్రమాణాన్ని నమ్మక మృతురాలి రాతను నమ్మి శపిస్తాడు. సముద్రంనుండి వెలువడిన వృషభానికి గుర్రాలు బెదరగా, రథం వెంట ఈడ్వబడి హిప్పోలిటస్ ఛిద్రమవుతాడు.

రెండు కథలలోనూ తండ్రి తొందరపాటు సమానం. భేదమున్నది మోహానికి చెప్పిన కారణంలో. యూరిపిడీస్ ఆ కారణాన్ని దైవలోకంలో ఉంచాడు. దానివలన ఫీడ్రా కొంతవరకు నిర్దోషి అయింది, కానీ తన కోరికకు తాను కర్త్రి కాలేకపోయింది. తెలుగు కథలో మోహాన్ని పంపే దేవత లేదు. ఆ ఖాళీని నాటక, చలనచిత్ర రూపాలు చిత్రపటం అనే ఉపాయంతో పూరించాయి. సారంగధరునికి అనుకున్న కన్యను తండ్రి తానే పెళ్లాడాడన్న కల్పనతో దోషం ఆకాశంనుండి అంతఃపురానికి, అక్కడినుండి వివాహవ్యవస్థకు దిగివచ్చింది. చిత్రాంగి మోహం వావి తప్పిన కోరికగా కాక, తారుమారైన పెళ్లికి పర్యవసానంగా కనిపించసాగింది. కన్యాశుల్కం, వృద్ధవివాహాలు చర్చనీయాంశాలైన కాలంలో ఈ కల్పన ప్రేక్షకులకు ఎందుకు నచ్చిందో ఊహించడం కష్టం కాదు.

4. దిద్దిన స్త్రీపాత్ర

ఇట్టి దిద్దుబాటు గ్రీకు రంగస్థలంపైనా జరిగింది. యూరిపిడీస్ ఇదే కథపై అంతకుముందు మరొక నాటకం రచించాడు. అది ఇప్పుడు లభ్యం కాదు. అందులో ఫీడ్రా తన కోరికను తానే బయటపెట్టిందని, ఆ మాటకు సిగ్గుతో హిప్పోలిటస్ ముఖం కప్పుకున్నాడని పండితుల అభిప్రాయం. రెండవ నాటకం అనుచితమైన దానిని సవరించిందని ప్రాచీన పీఠికే చెబుతున్నది. అంటే నోరు విప్పిన ఫీడ్రా పక్కకు తొలగి, మౌనంగా కృశించే ఫీడ్రా బహుమతి పొందింది. రోమన్ కవి సెనెకా క్రీ.శ. మొదటి శతాబ్దంలో ఆమె చేత మళ్లీ మాట్లాడించాడు.

తెలుగులో ఈ ప్రయాణం మరో దారిలో నడిచింది. పదిహేనవ శతాబ్దపు గౌరన 'నవనాథచరిత్ర' ద్విపదలో ఇది సిద్ధుని కథ. మత్స్యేంద్రనాథుని అనుగ్రహంతో అవయవాలు పొందిన రాకుమారుడు చౌరంగి అవుతాడు. అక్కడ చిత్రాంగి అతని సిద్ధత్వానికి నిమిత్తమాత్రం. పదిహేడవ శతాబ్దంలో తంజావూరు రఘునాథ నాయకుని ఆస్థానకవి చేమకూర వేంకటకవి 'సారంగధర చరిత్ర'ను ప్రబంధం చేశాడు. శృంగార నాయికా వర్ణనకు అలవాటుపడిన ప్రబంధభాషలో నిషిద్ధ కామాన్ని చెప్పవలసి రావడం ఆ కావ్యంలోని ప్రత్యేక సమస్య. అలంకారం ఆమెను అందంగా చూపుతుంది, కథ ఆమెను దోషిగా నిలుపుతుంది. ఆధునిక యుగంలో బళ్లారికి చెందిన ధర్మవరం రామకృష్ణమాచార్యులు 'విషాద సారంగధర'తో తెలుగులో విషాదాంత నాటకానికి దారి వేశాడు. చివరకు చలం 'చిత్రాంగి' అని ఆమె పేరే నాటకానికి పెట్టి, ఆమె పక్షం వహించాడు. గ్రీకు రంగస్థలం స్త్రీని మాటనుండి మౌనానికి దిద్దగా, తెలుగు సంప్రదాయం ఆమెను నిమిత్తంనుండి నాయికవైపు నడిపింది.

5. రంగస్థలం, శిల్పం: ఎవరు కనిపిస్తారు?

ఏథెన్సు రంగస్థలంపై ఫీడ్రా పాత్రను ముసుగు ధరించిన పురుషుడే నటించేవాడు. తెలుగు రంగస్థలంపై చిత్రాంగిగా ప్రఖ్యాతి గాంచినవాడు స్థానం నరసింహారావు. స్త్రీ కోరికను పురుషుడు అభినయించి పురుషుని మెప్పించడం రెండు సమాజాలకూ సమ్మతమైనదే. స్త్రీయే ఆ కోరికను ఉచ్చరించినపుడు అది సాహసంగా తోచింది. 1957 నాటి 'సారంగధర' చిత్రంలో భానుమతి చిత్రాంగి పాత్ర ధరించడానికి ఈ దృష్ట్యా ప్రాధాన్యముంది.

దృశ్యకళలో భేదం మరింత స్పష్టం. రోమన్ కాలపు శవపేటికలపై ఈ కథ విరివిగా చెక్కబడింది. సాధారణంగా ఒకవైపు ఫీడ్రా పరిచారికల నడుమ కూర్చొని ఉంటుంది, చెంత ప్రేమదేవుడు ఎరోస్ ఉంటాడు. మరోవైపు హిప్పోలిటస్ గుర్రంపై వేటలో ఉంటాడు. స్త్రీ ప్రేమ కూర్చున్న రుగ్మత, పురుషుని బ్రహ్మచర్యం కదిలే శౌర్యం. ఇట్టి ఒక పేటికను ఇటలీలోని పీసా నగరంలో 1076లో మరణించిన బియాట్రిస్ అనే ప్రభువంశీకురాలి సమాధికి తిరిగి వాడారు. ఒక స్త్రీ దేహానికి ఫీడ్రా కథ తొడుగు కావడం గమనార్హం.

తెలుగు, కన్నడ ప్రాంతాల వీరభద్ర విగ్రహాలలో, లోహఫలకాలలో స్వామి పాదాల చెంత మేకతలతో అంజలి ఘటించిన దక్షుడు తరచుగా కనిపిస్తాడు. కొన్ని ఫలకాలలో మరోపక్క చిన్న స్త్రీమూర్తి ఉంటుంది. ఆమెను కొందరు భద్రకాళిగా, కొందరు సతిగా గుర్తిస్తారు. దక్షుని గుర్తించడానికి మేకతల చాలు. పునరుద్ధరణ గుర్తు అతని దేహంపైనే ఉంది. ఆ స్త్రీని నిశ్చయంగా గుర్తించడానికి అట్టి గుర్తేదీ లేదు.

6. అతికిన అవయవాలు, చెదిరిన అవయవాలు

దక్షునికి తల వచ్చింది. సారంగధరునికి కాలుసేతులు వచ్చాయి. గ్రీకు పురాణం ప్రకారం హిప్పోలిటస్‌ను వైద్యదేవుడు అస్క్లీపియస్ బ్రతికించాడు. ఎపిడారస్ క్షేత్రంలో హిప్పోలిటస్ ఆ దేవునికి ఇరవై గుర్రాలు సమర్పించినట్లు తెలిపే ప్రాచీన స్తంభాన్ని యాత్రికుడు పాసేనియస్ పేర్కొన్నాడు. విషాదనాటకాలు ఈ పునరుజ్జీవనాన్ని వదలివేశాయి. యూరిపిడీస్ నాటకం హిప్పోలిటస్ మరణంతో ముగుస్తుంది. సిద్ధకథలోని పునరుద్ధరణను దాటి విషాదాంతాన్ని ఎంచుకోవడం ధర్మవరం వారి నూతనత్వం.

సతి పార్వతిగా జన్మించింది కదా అనే ఆక్షేపణ సహేతుకమైనదే. అయితే అది వేరొక తండ్రి ఇంట, వేరొక దేహంలో, తపస్సు చేసి తిరిగి సంపాదించుకోవలసిన ప్రేమ. దక్షుడు తన పేరుతో, తన పదవితో, తన యజ్ఞశాలలోనే లేచాడు. ఈ రెండింటినీ ఒకే పునరుద్ధరణగా లెక్కించడం కుదరదు.

సతి దేహానికి సంబంధించి శాక్తసంప్రదాయం చెప్పే వృత్తాంతం మరొకటి ఉంది. శివుడు భుజాన మోసిన ఆ దేహాన్ని విష్ణుచక్రం ఖండించగా, అవయవాలు పడినచోట్ల శక్తిపీఠాలు వెలిశాయి. అష్టాదశ పీఠాలలో రెండు గోదావరి మండలంలోనే ఉన్నాయి: దక్షవాటికగా ప్రసిద్ధమైన ద్రాక్షారామంలో మాణిక్యాంబ, పిఠాపురంలో పురుహూతిక. పురుషుని ఖండితాంగాలను పురాణం అతికించింది. స్త్రీ ఖండితాంగాలను అతికించలేదు, వెదజల్లింది. అతికిన దక్షుడు మేకతలతో ఒక వ్యక్తిగా మిగిలాడు. చెదిరిన సతి వ్యక్తిగా మిగలలేదు, నేలగా మారి పూజలందుకుంటున్నది.

ఫీడ్రాకూ ఇటువంటి నిలుపుదలే దక్కింది. నాటకాంతంలో ఆర్టెమిస్, ట్రోజెన్ కన్యలు పెళ్లికి ముందు తమ కేశాలను హిప్పోలిటస్‌కు సమర్పిస్తారని, అతనిపై ఫీడ్రాకు కలిగిన ప్రేమ పేరులేక మౌనంలో మరుగుపడదని చెబుతుంది. ప్రాణం పురుషునికి, పాట స్త్రీకి. చిత్రాంగికి మాత్రం పీఠమూ లేదు, పాటా లేదు. గుట్టకు సారంగధరుని పేరే నిలిచింది. ప్రధాన కథారూపాలలో ఆమెకు మిగిలింది దోషమే. చలం వంటివారు ఆమె పేరున నాటకం రాయవలసి రావడానికి కారణం ఈ లోటే.

7. ముగింపు

పై పరిశీలనలో మూడు అంశాలు తేలుతున్నాయి. ఒకటి, సారంగధర, ఫీడ్రా కథల సామ్యం కథాక్రమంలో ఎంత ఉన్నదో, మోహకారణ నిర్ణయంలో అంత భేదమున్నది. గ్రీకు నాటకం కారణాన్ని దేవతకు అప్పగించగా తెలుగు నాటకం వివాహానికి అప్పగించింది. రెండు, సతి నిరపరాధి, చిత్రాంగి అపరాధి, ఫీడ్రా రెంటి నడుమనున్నది. అయినా పునరుద్ధరణ విషయంలో ముగ్గురి గతీ ఒకటే. కనుక స్త్రీకి అది దక్కకపోవడాన్ని ఆమె దోషానికి ఫలితంగా వివరించలేము. మూడు, స్త్రీకి పురాణమిచ్చే స్థలరూప, గానరూప అమరత్వాన్ని గౌరవంగా మాత్రమే చదివితే, ఆమె దేహానికి జరిగిన అన్యాయం మరుగున పడుతుంది. అన్యాయంగా మాత్రమే చదివితే, ద్రాక్షారామంలో, పిఠాపురంలో నేటికీ స్త్రీలు చేసే ఆరాధనకు అర్థం లేకుండా పోతుంది.

పట్టిసం, ద్రాక్షారామం, పిఠాపురం క్షేత్రాల మౌఖిక గాథలను స్త్రీల నోట సేకరించి, కావ్యరూపాలతో సరిపోల్చే పని మిగిలి ఉంది. క్షేత్రమాహాత్మ్యాలు ఆయుధం పేరు చెప్పినచోట, ఆ స్త్రీలు సతి పేరును ఏ సందర్భంలో తలుస్తున్నారో తెలిస్తే ఈ నిర్ణయాలను మరింత నిగ్గుతేల్చవచ్చు.