కనిపించనిది చూపించే కత్తెర

తక్కువ బడ్జెట్ హారర్ సినిమాలో మనం ఉలిక్కిపడితే, ఆ ఘనత దయ్యానికో దర్శకుడికో పోతుంది. ఎడిటర్ ఎవరికీ గుర్తు రాడు. అతని చేతికి వచ్చేది చాలాసార్లు ఒక్క టేకే, అందులోనూ కొంత ఫోకస్ తప్పి ఉంటుంది. సెకనుకి 24 ఫ్రేములు. అరుపుకి రెండు ఫ్రేముల ముందు కోస్తే భయం, తర్వాత కోస్తే నవ్వు. 1974 నాటి ‘ది టెక్సాస్ చైన్ సా మాసకర్’లో కొక్కెం అమ్మాయి ఒంట్లో దిగడం తెరమీద కనిపించదు. కొక్కెం, అమ్మాయి ముఖం, అరుపు, అంతే. చూసినవాళ్లు మాత్రం కళ్లారా చూశామనే అంటారు! హారర్‌లోనే కాదు, యాక్షన్‌లోనూ అంతే. ఏడు వేల డాలర్లతో తీసిన ‘ఎల్ మరియాచి’ (1992)ని దర్శకుడు రాబర్ట్ రోడ్రిగెజ్ తానే ఎడిట్ చేసుకున్నాడు. షూటింగంతా మూగగానే సాగింది, మాటలు విడిగా టేపు మీద రికార్డయ్యాయి. పెదవులకీ మాటకీ పొంతన తప్పిన ప్రతిచోటా ఎదుటివాడి ముఖం మీదికో, పక్కనున్న కుక్క మీదికో కట్ చేశాడు. ఆ కప్పిపుచ్చడమే సినిమాకి పరుగునిచ్చింది. నాకైతే కోట్లు పోసి చేసిన గ్రాఫిక్స్ రాక్షసుల కన్నా ఆ కుక్కే ముద్దు.