మెత్తనివాడి లెక్క

'మెత్తనివాణ్ణి చూస్తే మొత్తబుద్ధి' అన్నారు పెద్దలు. అహింసను గురించి మన జనంలో ఉన్న అసలు అభిప్రాయం ఇదేనని నా అనుమానం. అక్టోబరు రెండో తేదీన విగ్రహానికి పూలదండ వేస్తాం, సెలవు పుచ్చుకుంటాం. మూడో తేదీన ఎవరైనా అహింస మాట ఎత్తితే, "ఇంగ్లీషువాడు కాస్త మెత్తన కాబట్టి సరిపోయింది గానీ, అదే ఇంకొకడైతేనా!" అని కొట్టిపారేస్తాం. ఈ మాట అరుగుల మీదా విన్నాను, పెద్ద పెద్ద సభల్లోనూ విన్నాను.

దీనికి వేదాంతంతో కాక లెక్కలతో జవాబు చెప్పిన పుస్తకం ఒకటుంది. ఎరికా చెనోవెత్, మరియా స్టెఫాన్ అనే ఇద్దరు అమెరికన్ పరిశోధకులు 2011లో వెలువరించిన 'వై సివిల్ రెసిస్టెన్స్ వర్క్స్'. 1900 నుంచి 2006 దాకా ప్రపంచంలో జరిగిన 323 ఉద్యమాలను ఏరి, ఆయుధం పట్టినవి ఒక తట్టలో, పట్టనివి ఒక తట్టలో వేసి తూచారు. పట్టినవాటిలో నూటికి 26 గెలిచాయి. పట్టనివాటిలో నూటికి 53. అంటే రెట్టింపు! తమాషా ఏమంటే, చెనోవెత్ గారు మొదట్లో ఈ సంగతి నమ్మిన మనిషే కారు. లెక్క చూశాకనే నమ్మారు.

కారణం పెద్ద బ్రహ్మవిద్యేమీ కాదు. తుపాకి పట్టాలంటే వయసుండాలి, ఒంట్లో సత్తువుండాలి, అడవుల్లో పడుండే ఓపికుండాలి. కొట్టు మూసెయ్యడానికి, పన్ను కట్టకుండా కూర్చోడానికి ముసలమ్మయినా చాలు. అందుకే ఆయుధం లేనిచోటికి జనం ఎక్కువ వస్తారు. చలిచీమలన్నీ చేరితే పాముకు పట్టే గతి మనం చిన్నప్పుడే చదువుకున్నాం. ఆ చీమలు అహింసావాదులు కావనుకోండి, కిటుకు మాత్రం అదే.

రెండో కారణం ఇంకా ముఖ్యం. జనంలో అన్ని రకాలవాళ్లూ ఉంటే, ఎదురుగా నిలబడ్డ సిపాయికి ఆ గుంపులో తన మేనత్తో, తన బడిపంతులో కనిపిస్తారు. కాల్చడానికి చెయ్యి రాదు. 1986 ఫిబ్రవరిలో ఫిలిప్పీన్సులో జరిగింది ఇదే. మనీలా వీధుల్లో టాంకులకు అడ్డంగా క్రైస్తవ సన్యాసినులు జపమాలలు పట్టుకుని మోకరిల్లారు. టాంకులు ఆగిపోయాయి. నాలుగు రోజుల్లో మార్కోస్ దేశం విడిచి పారిపోయాడు. ఆయనేమీ మెత్తనివాడు కాదు, 1972లోనే సైనిక శాసనం విధించిన ఘనుడు. కాబట్టి ప్రశ్న, పైన కూర్చున్నవాడు మంచివాడా కాడా అన్నది కాదు. వాడి కింద పనిచేసే చేతులు ఎంతకాలం పనిచేస్తాయన్నది.

ఈ పుస్తకంలో నాకు నచ్చిన గుణం, ఓటమిని దాచకపోవడం. 1988లో బర్మాలో జనం వీధుల్లోకి వచ్చారు. సైన్యం కాల్చింది. వేలమంది పోయారు. 1990 ఎన్నికల్లో జనం గెలిచినా సైన్యం గద్దె దిగలేదు. ఈ అధ్యాయాన్ని రచయితలు నిజాయితీగా రాశారు. అక్కడ సిపాయి మనసు మారలేదు, అందుకే ఉద్యమం ఆగిపోయిందని తేల్చారు.

ఇక నా పేచీ. ఈ పుస్తకం అహింసను ఒక బేరంగా చూస్తుంది. ఖర్చు తక్కువ, గిట్టుబాటు ఎక్కువ, కాబట్టి కొనుక్కోండి అంటుంది. మంచిదే. కానీ బేరం మీద నడిచే భక్తి బేరం చెడితే ఏమవుతుంది? 2010 తర్వాత శాంతియుత ఉద్యమాల గెలుపు నూటికి 34 లోపుకు పడిపోయిందని చెనోవెత్ గారే 2020లో రాశారు. ఆయుధాల గెలుపు 8కి దిగిందనుకోండి, అది వేరే సంగతి. లాభం చూసి పట్టుకున్నదాన్ని నష్టం రాగానే వదిలేసేవాళ్లే ఎక్కువ.

మన చీరాల-పేరాలనే తీసుకోండి. మునిసిపాలిటీ పేరిట పన్నులు పెంచితే, 1921లో దుగ్గిరాల గోపాలకృష్ణయ్య గారి వెంట జనం ఇళ్లూ వాకిళ్లూ వదిలేశారు. ఊరి బయట రామనగరంలో పాకలు వేసుకుని పదకొండు నెలలు ఎండకూ వానకూ ఓర్చారు. నాయకుణ్ణి జైల్లో పెట్టారు. మునిసిపాలిటీ మాత్రం పోలేదు. చివరికి జనం ఇళ్లకు తిరిగొచ్చారు. దీన్ని ఏ తట్టలో వేస్తారు? ప్రభుత్వాన్నో, పరాయి సైన్యాన్నో దించాలనే ఉద్యమాలే ఈ పుస్తకంలో ప్రధానం గనుక, పన్ను కోసం సాగిన ఇటువంటి పోరు అసలు ఆ తక్కెడ దాకానే రాదు. వందేళ్లు దాటినా ఆ ఊళ్ల పేర్లు మనం తలుచుకుంటున్నామంటే, ఆ పదకొండు నెలలు వట్టి నష్టమని నేననను.

ఇంకోమాట. ఈనాటి పెద్ద కష్టాలకు దించడానికి ఒక మార్కోస్ లేడు. భూమి వేడెక్కుతోంది. ఎవరి మీద సత్యాగ్రహం చెయ్యాలి? బొగ్గు కంపెనీల మీదా? ఆ బొగ్గుతో వచ్చే కరెంటులో పంకా తిప్పుకునేది మనమేనాయె! దీనికి జవాబు ఈ 2011 పుస్తకంలో దొరకదు. 1909లో లండన్ నుంచి దక్షిణాఫ్రికా వెళ్తూ, ఓడలో కుడిచెయ్యి నొప్పెడితే ఎడమచేత్తో గాంధీగారు రాసిన 'హింద్ స్వరాజ్'లో దొరుకుతుంది. ఇంగ్లీషువాడు మన దేశాన్ని గెలుచుకోలేదు, వాడి సరుకు మీద మోజుతో మనమే అప్పగించామన్నది ఆయన వాదన. రైళ్ల మీదా డాక్టర్ల మీదా ఆయన విసిరిన విసుర్లతో నేను ఏకీభవించను. అయినా సహకారం మానుకోవడమనేది ముందు మన ఇంట్లో, మన మోజుల దగ్గర మొదలవాలన్న ఆ ఒక్క మాట, రాసిన నాటికన్నా ఇప్పుడే ఎక్కువ పనికొస్తుంది.

కనుక ఈ రెండు పుస్తకాలూ పక్కపక్కన పెట్టుకుని చదవమని నా సలహా. మొదటిది అహింస చేతకానితనం కాదని రుజువు చేస్తుంది. రెండోది అది చవక బేరమూ కాదని గుర్తు చేస్తుంది. ఒకటే చదివితే సగం చదివినట్టే.