ఉపాయానికి పట్టే సమయం

పాత ధారావాహికను అదే పేరుతో, అదే కథానాయకుడితో, కొత్త నటులను పెట్టి మొదటినుంచీ మళ్ళీ చెప్పడాన్ని టెలివిజన్ రంగంలో రీబూట్ అంటారు. అమెరికాలో ఏబీసీ ఛానెల్ 1985 నుంచి 1992 వరకు ప్రసారం చేసిన ‘మెక్‌గైవర్’ను సీబీఎస్ 2016లో అలాగే తిరిగి మొదలుపెట్టి, లూకాస్ టిల్ నాయకుడుగా 2021 దాకా ఐదు సీజన్లు నడిపింది. తుపాకీ పట్టకుండా, జేబులోని మడతకత్తితోనూ చేతికందిన తీగముక్కతోనూ గండం గట్టెక్కడం మెక్‌గైవర్ తీరు. ఉపాయంతో నెగ్గే అలాంటి నాయకుణ్ణి తెలుగువారు 1951లోనే, కె.వి. రెడ్డి సినిమా ‘పాతాళభైరవి’లోని తోటరాముడిలో చూశారు, అందులో మాంత్రికుడి బలమంతా గడ్డంలో ఉంటే, అతడి చేతనే ఆ గడ్డం తీయించే ఉపాయం రాముడి నేస్తం అంజిది.

చేతికందిన వస్తువులతోనే పని గట్టెక్కించే ఈ విద్య నెల్లూరు తీరపు మత్స్యకార పల్లెల్లో రోజువారీ పనిలో భాగం. మేకు అన్నది లేకుండా తేలిక దుంగలను తాళ్ళతో బిగించిన తెప్ప అలలకు అనువుగా కదులుతుంది, వేట ముగిశాక విప్పితే దుంగలు ఆరుతాయి. 2004 సునామీ తర్వాత ఫైబర్ బోట్లు బాగా పెరిగాయి గాని, చేతిపని పోలేదు: పగులు వచ్చిన చోటును పూర్తిగా ఆరనిచ్చి, నునుపు పోయేలా గరుకుకాగితంతో రుద్ది, గట్టిపరిచే ద్రవం కలిపిన రెజిన్‌లో, అంటే జిగురువంటి రసాయనంలో, గాజునార గుడ్డను తడిపి పొరలుపొరలుగా అతకాలి, ఆరబెట్టే ఓపిక లేకపోతే అతుకు నిలవదు.

తొలి ‘మెక్‌గైవర్’లోని గొప్పతనం ఇటువంటి ఓపికలోనే ఉంది. గదిలో ఏమేమి ఉన్నాయో చూపించి, నాయకుడి ఆలోచనను అతడి గొంతుతోనే వినిపించి, ప్రేక్షకుడూ తనవంతుగా ఊహించేందుకు అది వ్యవధి ఇచ్చేది. కొత్తది వస్తువుల పేర్లను తెరమీద అక్షరాలుగా వేసి, నాయకుడి చుట్టూ ఒక బృందాన్నీ కంప్యూటర్లనూ నిలిపి, వేగం పెంచింది. జట్టు ఉండటం దోషమేమీ కాదు, అంజి లేని తోటరాముడు లేడు, కాని ఊహించే పని ప్రేక్షకుడి నుంచి లాక్కోవడం పెద్ద నష్టమే. తోటరాముడి కథను తెలుగు టెలివిజన్‌కు మలచదలచినవారు గ్రాఫిక్స్ ఖర్చు లెక్కవేసేముందు, గడ్డం తీసేయమని మాంత్రికుణ్ణి అంజి ఒప్పించే ఘట్టానికి ఎన్ని నిమిషాలు కేటాయించాలో తేల్చుకోవాలి.